కాలిన చోటు: పసితల లెక్క

పోయిన వారం పిట్టని పిల్లల బర్న్స్ వార్డు గుమ్మంలో నిలబెట్టి మన దారిన మనం వచ్చేశాం. పాపం, ఇంకా అక్కడే ఉంది. చెప్పులు విప్పాలో, వాటి మీద తొడుగులు వేసుకోవాలో కూడా తెలియక తచ్చాడుతోంది. ఇదే ఆసుపత్రి అడుగు అంతస్తులో రోజూ పనిచేస్తుందన్న మాటేగానీ, వార్డులోకి రావడం అదే మొదటిసారి.

పిట్ట చేసేది కోడింగ్. సాఫ్ట్‌వేర్ కోడింగ్ అనుకునేరు. ఇంట్లోవాళ్ళూ అలాగే అనుకుంటున్నారు, ఆమె దిద్దలేదు. డాక్టర్లు రాసే ప్రతి జబ్బుకీ, ప్రతి దెబ్బకీ అక్షరాలూ అంకెలూ కలిసిన ఒక కోడ్ ఉంటుంది. కేసుషీటు చదివి ఆ కోడ్ కంప్యూటర్‌లోకి ఎక్కించడం ఆమె ఉద్యోగం. కీబోర్డుని ముక్కుతో పొడిచినట్టు టకటకా కొడుతుందని హెడ్ మేడమ్ ఓసారి ‘పిట్ట’ అంది. ఆ పేరే అతుక్కుపోయింది.

కాలిన గాయాలకి ఒక్క కోడ్‌తో పని జరగదు. ఒంట్లో ఏ భాగం, ఎంత లోతు, దేనివల్ల, ఇవన్నీ అయ్యాక ఒళ్ళు మొత్తంలో ఎంత మేర కాలిందన్నదానికి ఇంకో కోడ్. దాని చివర చుక్క తర్వాత సున్నా ఉంటే పది శాతం లోపు. ఒకటి ఉంటే పది దాటినట్టు. ఆ శాతం డాక్టరే చూసి రాయాలి. ఆయన రాయడు. అడిగితే రేపంటాడు, రేపు కాస్తా ఎల్లుండి అవుతుంది. విసుగెత్తిన పిట్ట సొంత తెలివితో ఒక ప్రోగ్రాం రాసింది. తెర మీద మనిషి బొమ్మ ఉంటుంది. కాలిన చోట డాక్టరు రంగు పూస్తే చాలు, శాతం దానంతటదే పడుతుంది. అందరూ దాన్ని ‘లెక్కల డబ్బా’ అని ముద్దు చేశారు. పిట్టకి షీల్డు ఇచ్చి, ఫోటో తీసి గోడకి తగిలించారు. కోడింగ్ చేసేవాళ్ళు శాతం సొంతంగా లెక్కగట్టకూడదన్నది ఈ వృత్తిలో మొదటి పాఠం. ‘నేనెక్కడ కడుతున్నా, ప్రోగ్రాం కదా కడుతోంది’ అనుకుంది పిట్ట.

ఇంతలో ఉడత వచ్చింది. మూడేళ్ళు నిండని పాప. తాత మోకాళ్ళకి కాపడం పెట్టుకుందామని నీళ్ళు కాచుకుని గిన్నె పట్టుకొస్తుంటే, కుర్చీ వెనక దాక్కున్న ఈ పిల్ల లేచి ఆయన కాళ్ళకి అడ్డంపడింది. తల వెనకంతా, మెడ చుట్టూ, భుజాల మీదా కాలింది. ముఖం మాత్రం తప్పింది. అందరూ అదృష్టమన్నారు. ఆ అదృష్టమే కొంప ముంచింది. చర్మం అతికే పెద్దాసుపత్రిలో పసిపిల్లలకి బెడ్ దొరకాలంటే ముఖమో చేతులో పాదాలో కాలి ఉండాలి. లేదంటే పది శాతమన్నా దాటాలి. డబ్బా ఉడతకి ఎనిమిది వేసింది. బెడ్లు కేటాయించే అనుమతుల డెస్కు కుదరదంది.

ఎనిమిదే కాబట్టి కుదరదులే అనుకుంటూనే, పాపని ఒక్కసారి చూసిపోదామని పిట్ట వార్డుకొచ్చి గుమ్మంలోంచి ఉడతని చూసింది. జుట్టు తీసేసిన గుండు, దాని కింద ఓ గుప్పెడు ఒళ్ళు. మంచం మీద పిల్ల కన్నా ముందు తలకాయే కనబడింది. డబ్బాలో పిట్ట పెట్టినది పెద్దవాళ్ళ బొమ్మ. పెద్దవాళ్ళకి తల, మెడ కలిపి ఒంట్లో తొమ్మిది శాతం. పసిపిల్లలకి ఇంచుమించు రెట్టింపు. ప్రోగ్రాంలో వయసు గడి పక్కనే ఉంది. పిట్ట దాన్ని వాడుకోలేదు.

 ఇక ఈ వారం సంగతికొద్దాం.

*

కట్లు మార్చే వేళ. మౌనం సార్ లోపలే ఉన్నాడు. వార్డు డాక్టరుకి ఆ పేరు నర్సులు పెట్టారు. ఆయన రోజుకి వాడే మాటలు ఒక పోస్టుకార్డు మీద పడతాయని వాళ్ళ లెక్క.

“సార్, ఉడతకి మళ్ళీ కొలవాలి” అంది పిట్ట.

“డబ్బా ఎనిమిదంది కదా?”

“డబ్బాకి బుద్ధిలేదు సార్. అంటే... నాకే.” పెద్దవాళ్ళ బొమ్మ సంగతి గుక్కతిప్పుకోకుండా చెప్పేసింది.

ఆయన శుభ్రమైన కాగితం తెప్పించి, ఉడత కాలని చెయ్యిని దాని మీద పెట్టి, చుట్టూ గీత గీసి కత్తిరించాడు. పిల్ల అరచెయ్యి వేళ్ళతో సహా పిల్ల ఒంట్లో ఒక శాతం. ఆ కాగితం చేతిని గాయాల మీద ఆనకుండా, గాలిలోనే జరుపుకుంటూ లెక్కపెట్టాడు. ఉడత కళ్ళు గట్టిగా మూసుకుంది. తను కళ్ళు మూసుకుంటే ఎవరికీ కనబడనని దాని నమ్మకం. పిట్టకీ అదే పని చెయ్యాలనిపించింది.

“పదమూడు” అన్నాడు మౌనం సార్. కేసుషీటులో రాశాడు, సంతకం పెట్టాడు. పెన్ను జేబులో పెట్టుకోవడం మర్చిపోయాడు. “నేనైనా చూడాల్సింది. చూడటం మానేశాను. డబ్బా వచ్చాక.”

ఆ రోజు పోస్టుకార్డు అక్కడికే దాదాపు నిండిపోయింది. ఆయన తిడితే పిట్టకి బాగుండేది. తిట్టు తిన్నవాడికి తిన్నానన్న తృప్తన్నా ఉంటుంది.

*

రికార్డుల గదికి కిటికీలు లేవు. ఏసీ మెషీను రొద, పాత ఫైళ్ళ వాసన, గోడ మీద షీల్డు పట్టుకుని పళ్ళికిలిస్తున్న పిట్ట ఫోటో. ఆ ఫోటో కిందే కూర్చుంటుంది హెడ్ మేడమ్. పిట్ట చెప్పిందంతా విని కళ్ళజోడు తీసి కొంగుతో తుడుచుకుంది. చేతిలో కేసుషీటుతో మౌనం సార్ కూడా కిందికి వచ్చాడంటే విషయం చిన్నది కాదని ఆమెకి ముందే అర్థమైంది.

“సరే. తప్పు అందరికీ జరుగుతుంది. డాక్టరుగారు సంతకం పెట్టారు కదా, పాపది దిద్దేసి మళ్ళీ పంపుదాం. అయిపోయింది.”

“మిగతా పిల్లలు, మేడమ్?”

“ఏ మిగతా పిల్లలు?”

ఆమె అంత అమాయకంగా అడిగేసరికి పిట్టకే ఒక్క క్షణం అనుమానమొచ్చింది, నిజంగానే మిగతా పిల్లలు లేరేమోనని.

“డబ్బా పెట్టిన దగ్గర్నుంచీ వచ్చిన పిల్లలంతా, మేడమ్. అందరికీ అదే బొమ్మ.”

“చూడు పిట్టా. ఆ డబ్బా కోసం పైవాళ్ళ ముందు నేను ఎన్నిసార్లు నిలబడ్డానో నీకు తెలీదు. ‘పిల్ల కొత్తదే కానీ చురుకు’ అని చెప్పి ఒప్పించా. ఇప్పుడు మళ్ళీ వెళ్ళి ‘చురుకే కానీ చూపు లేదు’ అనమంటావా?”

“అనండి మేడమ్. నిజమే కదా.”

“నోరు మాత్రం బాగానే ఉంది నీకు.” అంది కానీ, ఫోన్ మాత్రం ఆమే అందుకుంది. అందరూ వినేలా స్పీకర్ పెట్టింది. హెడ్ మేడమ్ చెడ్డ మనిషేం కాదు. తన ఇల్లు కాలకుండా పక్కింటి మంటలార్పుదామనుకునే మామూలు మనిషి.

అనుమతుల డెస్కులో గొంతు హుషారుగానే ఉంది. “పదమూడా? అయితే పాప అర్హురాలే మేడమ్. ఈ ముక్క నిన్న చెప్పి ఉంటే ఎంత బాగుండేది! మీ ఆసుపత్రికి ఇవ్వగలిగిన పసిపిల్లల బెడ్ ఒక్కటే. పొద్దున మీ కేసుకే ఇచ్చేశాం కదా. బాబు, రెండు కాళ్ళు. మీరే పంపారు, పదకొండు శాతమని.”

“తర్వాత బెడ్ ఎప్పుడు?”

“చెప్పలేం మేడమ్. చర్మం అతికి, అది పట్టేదాకా బాబు అక్కడే ఉంటాడు. ఏ కారణంచేతనైనా అతని కేసు వెనక్కి వస్తే మాత్రం, సాయంత్రం దాకా ఆ బెడ్ మీ పేరు మీదే ఉంటుంది. దాటితే వేరే ఆసుపత్రికి వెళ్ళిపోతుంది.”

ఫోన్ పెట్టేశారు. హెడ్ మేడమ్ ఊపిరి వదిలింది. “మన వంతు మనం చేశాం. పాప పేరు వరసలో పెడదాం.”

పిట్టకి ఆ మాటలు వినబడలేదు. రెండు కాళ్ళ బాబు అంటే గంతులోడు. ఉడత పక్క మంచం. కాలకముందు ఒక్కచోట నిలిచేవాడు కాదని తల్లి పెట్టుకున్న పేరు. మరుగుతున్న నీళ్ళ తొట్టి అంచు పట్టుకుని గుంజితే తొడల మీదా పిక్కల మీదా పడ్డాయి. కాళ్ళకి బూట్లున్నాయి కాబట్టి పాదాలు తప్పాయి. పొద్దున వాణ్ణి అంబులెన్సు ఎక్కిస్తుంటే నర్సులు చప్పట్లు కొట్టారట. అడుగు అంతస్తులోకి కూడా వినబడ్డాయి. వాడికి ఆ పదకొండు వేసింది కూడా డబ్బాయే.

ఒళ్ళు ఎవరిదైనా మొత్తం కలిపితే వందే. పసిపిల్లలకి తల పెద్దదైతే, ఆ పెరిగిందంతా ఇంకెక్కడో తగ్గాలి. అది తగ్గేది కాళ్ళ దగ్గర. ఉడత తలకి తక్కువ కట్టిన డబ్బా, గంతులోడి కాళ్ళకి ఎక్కువ కట్టింది.

“సార్” అంది పిట్ట.  “గంతులోడిది ఎంతుంటుంది?”

మౌనం సార్ ముందు అర్థం కానట్టు చూశాడు. తర్వాత కళ్ళు మూసుకుని ఆ పిల్లాడి కాళ్ళని మనసులోనే కొలుచుకున్నాడు.

“తొమ్మిది. పది దాటదు.”

హెడ్ మేడమ్ లేచి వెళ్ళి తలుపు వేసింది. “ఈ మాట ఈ గదిలోనే ఉండాలి.”

“వాడిది కూడా తప్పు కోడే కదా మేడమ్.”

“అయితే? దారిలో ఉన్న పిల్లాణ్ణి వెనక్కి పిలిపిస్తావా? చప్పట్లు కొట్టి పంపిన వాళ్ళమే ఎదురెళ్ళి దించుకుంటామా? ఆ తల్లికి ఏమని చెప్తావు, నీ కొడుకు సరిపడా కాలలేదమ్మా అని చెప్తావా?”

పిట్ట మౌనం సార్ వైపు తిరిగింది. ఆయన కేసుషీటు అంచుని మడుస్తూ విప్పుతూ చెప్పాడు. “వాడికి ఇక్కడైనా మానుతుంది. ఆలస్యమవుతుంది, మచ్చలుంటాయి, కానీ నడుస్తాడు. ఈ పిల్లది మెడ. చర్మం బిగుసుకుంటూ మానితే తల పక్కకి గుంజుకుపోతుంది. తిప్పలేదు. ఇక్కడ నా వల్ల కాదు.”

ఉడతది ఒక్కటే దిద్దితే గంతులోడి బెడ్ నిలుస్తుంది. ఇద్దరిదీ దిద్దితేనే నిజం. రెంటికీ మధ్య పిట్ట కుడితిలో పడ్డ ఎలుకలా కొట్టుకుంది. తప్పని తెలిసిన కోడ్‌ని అలాగే ఉంచడం ఏ లెక్కన చూసినా అబద్ధమే. మొదటి తప్పు తెలియక చేసింది. ఇప్పుడు ఊరుకుంటే ఆ సాకు కూడా ఉండదు.

ఆమె లేచింది.

“ఎక్కడికి?” అంది హెడ్ మేడమ్.

“ఉడత వాళ్ళమ్మకి చెప్పాలి.”

“ఏమని?”

“అది మెట్లెక్కుతూ ఆలోచిస్తా.”

ఆలోచించలేదు. మెట్లయిపోయాయి.

*

వార్డు బయట పొడవాటి బెంచీ. ఈ చివర ఉడత తల్లి, ఆ చివర ఆమె మామగారు. ఉడత కాలిన రోజు నుంచీ కోడలు ఆయనతో మాట్లాడటం లేదు. ‘మీరు కూర్చోండి, నీళ్ళు నేను కాచి తెస్తానన్నాను కదా’ అన్నదే ఆఖరి మాట. ఇద్దరికీ మధ్య వదిలేసిన ఖాళీలో పిట్ట కూర్చుంది. కూర్చున్నాక అర్థమైంది, ఆ బెంచీ మీద అంతకంటే చెడ్డ చోటు లేదని.

“రా తల్లీ” అన్నాడు తాత. “డాక్టరుగారు పిల్లని మళ్ళీ కొలిచాడంట కదా, నువ్వు పట్టుబట్టావంట. నర్సమ్మ చెప్పింది. పరాయి పిల్ల కోసం ఎవరు తిరుగుతారమ్మా ఈ రోజుల్లో? నీ కడుపు చల్లగా ఉండాలి.”

“అలా అనకండి తాతయ్యా.”

“ఎందుకనకూడదు? బెడ్ ఇవ్వరన్నప్పుడు నాకేమనిపించిందో తెలుసా? నేను చేసిందానికి పైవాడు వేస్తున్న శిక్ష ఇదీ అనుకున్నా. నా ముసలి మోకాళ్ళకి సుఖం కావలసొచ్చింది. కొట్టేదేదో నన్ను కొట్టొచ్చు కదా, పిల్ల మెడేం చేసింది...”

“శిక్ష కాదు తాతయ్యా. నేను.”

ఉడత తల్లి అప్పటిదాకా ఫోన్ చూసుకుంటోంది. తలెత్తింది.

పిట్ట చెప్పింది. డబ్బా తనే రాశానని, అందులో పిల్లల బొమ్మ పెట్టలేదని, ఉడత శాతం తక్కువ రావడానికి కారణం అదేనని. బెడ్ రాకపోవడం ఏ శిక్షా కాదని, తన బద్ధకమని. చెప్తున్నంతసేపూ గోళ్ళతో బెంచీ రంగు గీకుతూనే ఉంది.

“సారీ అక్కా” అంది చివర.

“ఏంటీ?”

“సారీ...”

“నేనెక్కడ పనిచేస్తానో తెలుసా నీకు? కస్టమర్ కేర్‌లో. రోజంతా ఫోన్లో ‘మీకు కలిగిన అసౌకర్యానికి చింతిస్తున్నాం’ అని చదువుతా. తప్పు ఎవరిదైనా సరే, ముందు సారీ చెప్పాలి, ఆ తర్వాత వెయిటింగ్‌లో పెట్టాలి. ఆ మాట వినగానే అవతలోడికి ఒళ్ళెందుకు మండుతుందో ఇన్నేళ్ళు నాకు అర్థం కాలేదు. ఇప్పుడర్థమైంది.”

పిట్ట మళ్ళీ బెంచీ రంగు గీకసాగింది. 

“వదిలెయ్యమ్మా, చిన్నపిల్ల” అన్నాడు తాత. కోడలితో అన్ని రోజుల తర్వాత ఆయన అన్న మొదటి మాట. “కావాలని చేసిందా? అసలు నీళ్ళు ఒలికించింది నేను. తప్పంతా నాది.”

“కాదు తాతయ్యా, మీది ప్రమాదం. నాది చూసుకోకపోవడం.”

“నేను మాత్రం చూసుకున్నానా? కుర్చీ వెనక పిల్ల ఉందని...”

“ఆపుతారా ఇద్దరూ?” ఉడత తల్లి గొంతు లేపలేదు, కానీ కారిడార్‌లో అటు పోతున్న నర్సు ఆగింది. “తప్పు నాదంటే నాదని పోటీ పడుతున్నారా? ఎవరిది పెద్దదో తీరిగ్గా తేల్చుకుని చెప్పండి, గెలిచినవాళ్ళకి నేనే దండ వేస్తా. ఈలోపు నా పిల్ల సంగతి చెప్పండి. దిద్దారు కదా? పదమూడు వచ్చింది కదా? మరి బెడ్ ఇస్తారా?”

ఇక్కడ ఆగిపోవచ్చు. ‘వరసలో పెట్టారక్కా’ అని లేచి పోవచ్చు. అదీ నిజమే. హెడ్ మేడమ్ అయితే ఆ మాటే అనేది, అబద్ధమాడకుండా ఇంటికెళ్ళి కమ్మగా నిద్రపోయేది. పిట్ట నోరు తెరిచి ఆ మాటే అనబోయింది.

“బెడ్ ఒక్కటే ఉంది అక్కా. అది పొద్దున గంతులోడికి ఇచ్చారు.”

“అది తెలుసు. నేనే కదా దుప్పటి కప్పి ఎక్కించింది. వాళ్ళమ్మ నన్ను పట్టుకుని ఏడుస్తుంటే, ఇద్దర్లో ఒకరికన్నా వచ్చింది, పో వదినా అన్నా.”

“వాడి లెక్క కూడా తప్పే.”

ఉడత తల్లి ఫోన్ ఒళ్ళో పెట్టుకుంది.

“తలకి తక్కువేసింది, కాళ్ళకి ఎక్కువేసింది. సరిగ్గా లెక్కేస్తే వాడికి పది రాదు. వాడిది కూడా దిద్దితే సాయంత్రం లోపు వాణ్ణి వెనక్కి పంపేస్తారు. ఆ బెడ్ ఉడతకి వస్తుంది.”

తాత తల దించుకున్నాడు. వార్డు లోపల ఎవరో పిల్లకి కట్టు విప్పుతున్నట్టున్నారు, నర్సు ఏదో పాట పాడుతోంది, పాట మధ్యలో ఏడుపు.

“గంతులోడికి ఇక్కడ మానదా?” అంది ఉడత తల్లి.

“మానుతుందన్నారు. ఆలస్యంగా. మచ్చలుంటాయట.”

“నా పిల్లకి?”

పిట్ట తల అడ్డంగా ఊపింది.

“అయితే నా దగ్గరకెందుకొచ్చావు?”

“మీకు తెలియాలని...”

“కాదు. దిద్దాలా వద్దా అని నన్నడగడానికొచ్చావు.”

“అడగట్లేదక్కా.”

“అడుగుతున్నావు. నీకే తెలీట్లేదు. నేను దిద్దు అన్నాననుకో, ఆ పిల్లాణ్ణి మంచం మీద నుంచి దించిన పాపం నాది. వద్దు అన్నాననుకో, నా పిల్ల మెడ వంకర చేసిన పాపం కూడా నాదే. ఏదన్నా నీ చేతికి మట్టంటదు. నిజం చెప్పేశానన్న పేరొకటి పైగా.”

చెంపదెబ్బ కొట్టినా అంత నొప్పి ఉండేది కాదు. ఎందుకంటే అది నిజం. మెట్లెక్కుతూ పిట్ట ఏమీ ఆలోచించలేదనుకుంది కానీ, లోపల ఓ మూల ఆలోచించే ఉంది. ‘ఆమె దిద్దమంటుంది. తల్లి కదా. అప్పుడు నేను దిద్దుతాను.’ మోయలేని బస్తా ఒకటి తెచ్చి ఈ బెంచీ మీద దించి, ‘ఇది మీదేనేమో చూసుకోండి’ అనబోయింది.

“నేనే దిద్దాలి అక్కా” అంది. “మీరేమన్నా నేనే. గంతులోడి వాళ్ళమ్మకి కూడా నేనే చెప్పాలి.”

“చెప్తావా?”

“చెప్తా.”

“ఇదే గొంతుతోనా? బెంచీ గీకుతూనా?”

పిట్ట చేతులు ఒళ్ళోకి లాక్కుంది.

అప్పుడు మోగింది ఉడత తల్లి ఫోన్. తెర మీద ‘వదిన’ అని వచ్చింది. సొంత వదిన కాదు. ఒకే వార్డులో పక్కపక్క మంచాల దగ్గర, ఒకే దుప్పటి పంచుకుని కూర్చుంటూ కలిపిన వరస. ఉడత తల్లి దాని వంక చూస్తూ ఉండిపోయింది.

“ఎత్తమ్మా” అన్నాడు తాత నెమ్మదిగా. “చేరారో లేదో.”

ఆమె ఎత్తింది. అవతల గోలగా ఉంది, స్పీకర్ పెట్టింది.

“వదినా! వచ్చేశాం! అబ్బ, ఏం ఆసుపత్రి వదినా ఇది, నేల చూస్తే అడుగు పెట్టబుద్ధి కాదు. మనవాడు దారంతా ఏడ్చి, ఇక్కడ లిఫ్టు చూడగానే నోరు మూశాడు. ఇంకా కిందే కూర్చోబెట్టారు, పై నుంచి పిలుస్తారంట. నువ్వు తిన్నావా? తినలేదు కదా, నాకు తెలుసు. సరేగానీ ఉడత సంగతేంటి? మళ్ళీ కొలిపించిందని మెసేజ్ పెట్టావే, ఆ రికార్డుల అమ్మాయి వచ్చిందా?”

“వచ్చింది వదినా. పక్కనే ఉంది.”

“గట్టిగా అడుగు వదినా, మొహమాటపడకు. నువ్వు అందరికీ సర్దిచెప్పే రకం. నేనైతే చొక్కా పట్టుకుని అడుగుదును. ఇంత పెద్ద ఆసుపత్రిలో ఒక్క బెడ్ లేకపోవడమేంటి? ఎక్కడో ఒక చోట ఉండే ఉంటుంది.”

ఉడత తల్లి పిట్ట ముఖంలోకి చూసింది. ఆ చూపులో కోపం లేదు. కోపమున్నా పిట్ట తట్టుకునేది.

“ఉంది వదినా” అంది. “బెడ్ ఉందంట. ఎక్కడుందో ఈ అమ్మాయి చెప్తుంది, విను.”

ఫోన్ పిట్ట చేతిలోకి వచ్చింది. పట్టుకుంటే వెచ్చగా ఉంది. తాత ముఖం పక్కకి తిప్పుకున్నాడు.

“చెప్పమ్మా!” అవతలి గొంతు సంతోషంతో ఎగిరిపడుతోంది. “ఎక్కడుందంట? మా వాడి పక్కనేనా?”